మూడో పంచాంగం: తరచుగా అడిగే ప్రశ్నలు

ఒడిశా, ఆంధ్ర సరిహద్దులో బరంపురం, పర్లాకిమిడి, ఇచ్ఛాపురం మధ్య తిరిగే కొద్దిమందిమి కలిసి అల్లుకున్న ఆలోచన ఇది. కాలం మన లోపల నడిచే తీరునే మనం కోపమనీ, బెంగ అనీ, సంతోషమనీ పిలుస్తున్నామని మా వాదం. దానికి ‘మూడో పంచాంగం’ అని పేరు పెట్టుకున్నాం. రైల్లో, పెళ్లి భోజనాల దగ్గర, వాట్సాప్‌లో అవే సందేహాలు మళ్లీ మళ్లీ ఎదురవుతున్నాయి. చెప్పిందే చెప్పీ చెప్పీ నా గొంతులో విసుగు నాకే వినబడుతోంది కాబట్టి రాసి పెడుతున్నాను. వరుసగా చదవనక్కర్లేదు. మీ ప్రశ్న ఎక్కడుంటే అక్కడే ఆగండి.

## మొదటిసారి విన్నవారు అడిగేవి

ఒక్క ముక్కలో చెప్పండి మాస్టారూ, మూడో పంచాంగం అంటే ఏమిటి?

మా వైపు చాలా తెలుగు ఇళ్లలో రెండు పంచాంగాలు ఉంటాయి. ఒకటి తెలుగుది, రెండోది ఒడియా పాంజి. ఇవాళ ఏ తిథో, అమావాస్య ఎప్పుడో రెండూ చెబుతాయి. ఆసుపత్రి వరండాలో కూర్చున్న మీకు ఇవాళ మధ్యాహ్నం ఎంత పొడుగ్గా సాగిందో మాత్రం రెండూ చెప్పవు. ఆ లెక్క ఎవరిది వారే రాసుకోవాలి. అలా రాసుకునేదే మూడోది. మామూలు పంచాంగానికి తిథి, వారం, నక్షత్రం, యోగం, కరణం అని ఐదు అంగాలు ఉన్నట్టే దీనికీ ఐదు పెట్టుకున్నాం: నడక, ముఖం, వెడల్పు, పొత్తు, జాడ.

గడియారం అందరికీ ఒకటే కదా, ఇన్ని కాలాలు ఎక్కడి నుంచి వచ్చాయి?

ఒకటే అన్నది మనం కుదుర్చుకున్న ఏర్పాటు. 1906లో అమల్లోకి వచ్చిన భారత ప్రామాణిక సమయం 82.5 డిగ్రీల తూర్పు రేఖాంశాన్ని బట్టి లెక్కిస్తారు. ఆ రేఖ మన కొరాపుట్ జిల్లా జయపురం పక్క నుంచే పోతుంది. అంటే దేశం మొత్తం గడియారాల్లో జయపురం సూర్యుడే ఉన్నాడు. బరంపురం అంతకంటే తూర్పున ఉంది కాబట్టి ఇక్కడి సూర్యుడు ఏడాది సగటున దాదాపు 9 నిమిషాలు ముందుంటాడు. ఆ తొమ్మిది నిమిషాలను మనం పట్టించుకోం, రైలు అందుకోవాలి కదా.

క్యాలెండర్ దగ్గరికి వస్తే తేడా ఇంకా పెద్దది. తెలుగువారికి అమావాస్యతో నెల ముగుస్తుంది, ఒడియావారికి పున్నమితో. దీపావళి మర్నాడు మనకు కార్తికం మొదలవుతుంది. పొరుగింట్లో అప్పటికే పదిహేను రోజులు గడిచి ఉంటాయి. కార్తిక పున్నమి తెల్లవారుజామున అందరం కలిసి అరటి దొప్పల పడవలు వదులుతాం, అక్కడికి వారి కార్తికం పూర్తి. మర్నాడు ఛడఖాయి. నెలంతా నియమం పాటించినవారు మాంసం వండుకునే రోజు. మనకు ఇంకా పదిహేను రోజుల ఉపవాసాలు మిగిలి ఉండగానే ప్రహరీ గోడ అవతలి నుంచి మసాలా వాసన వస్తుంది. ఒకే వీధి, ఒకే చంద్రుడు, ఒకరు కార్తికంలో, మరొకరు మార్గశిరంలో. కొత్త సంవత్సరమూ అంతే. మనకు ఉగాది చైత్ర పాడ్యమినాడు, వారికి పణా సంక్రాంతి ఏప్రిల్ 14 ప్రాంతంలో. ఆ మధ్య రోజుల్లో మా వీధి ఏ సంవత్సరంలో ఉన్నట్టు?

వీటన్నిటికంటే నాకు ముచ్చటైనది ఒడిశాను ఏలిన గజపతి రాజుల అంకం. పట్టాభిషేకం నుంచి ఏళ్లు లెక్కించే పద్ధతి అది. అందులో 1 ఉండదు, 6తో ముగిసే అంకెలు ఉండవు, 10 తప్ప సున్నాతో ముగిసేవీ ఉండవు. 5 తరువాత 7, 19 తరువాత 21. రాజు సింహాసనమెక్కిన పదో ఏడాదికి అంకం 12. ఇష్టం లేని అంకెలను దాటేసిన కాలగణన ఈ నేల మీదే చెల్లుబాటైంది. మరి మన మనసు కొన్ని ఏళ్లను లెక్కలోంచి తీసేస్తే, కొన్నిటిని రెండుసార్లు లెక్కపెడితే ఆశ్చర్యపోవడం దేనికి?

ఇది మన శాస్త్రాల్లో ఉన్నదేనా?

లేదు. ఏ ఋషికీ దీన్ని అంటగట్టకండి. అయితే దీని ఇరుగుపొరుగులు అక్కడ కనిపిస్తారు. వైశేషిక దర్శనంలో కణాదుడు కాలాన్ని తొమ్మిది ద్రవ్యాల్లో ఒకటిగా లెక్కించి, దానికి గుర్తులుగా ముందూ వెనుకా, ఏకకాలంలో, ఆలస్యంగా, త్వరగా అనే ఎరుకలను చెప్పాడు. చిరం, క్షిప్రం అన్న రెండింటి దగ్గర నేను చాలాకాలం ఆగిపోయాను. ఆలస్యమనిపించడం, త్వరగా అనిపించడం కాలానికి గుర్తులైతే, అలా అనిపించే మనసు ఆ లెక్కలో ఎక్కడో ఉండాలి కదా. భరతుడి నాట్యశాస్త్రం చెప్పిన 49 భావాల్లో 8 స్థాయి (నిలిచి ఉండేవి), 33 సంచారి (వచ్చిపోయేవి), 8 సాత్త్వికం (ఒంటి మీద కనిపించేవి). ఆ ముప్పైమూడింటిలో స్మృతి ఉంది, చింత ఉంది, ఔత్సుక్యం ఉంది. ఆవేగం, జడత కూడా ఉన్నాయి. ఇవన్నీ కాలం నడకలే అని నాకనిపిస్తుంది. భరతుడు అలా అన్నాడని మాత్రం అనను. పడమటి దేశాల్లో అయితే కొలిచే కాలం వేరు, అనుభవించే కాలం వేరు అని ఫ్రెంచ్ తత్వవేత్త హెన్రీ బెర్గ్‌సన్ 19వ శతాబ్దం చివర్లోనే గట్టిగా వాదించాడు.

సరిహద్దు జిల్లాలోనే ఎందుకు పుట్టింది? మిగతా తెలుగువారికి పనికిరాదా?

పనికొస్తుంది. ఇక్కడ ముందు కంటపడింది, అంతే. మహారాష్ట్ర సరిహద్దులో సిరొంచ వైపు తెలుగువారిని చూడండి, అక్కడ ఉగాది, గుడి పాడ్వా ఒకే రోజున వస్తాయి, నెలలూ అమావాస్యతోనే ముగుస్తాయి. ఇరుగింటి కాలం తమ కాలం లాంటిదే కాబట్టి ఈ అనుమానం రావడానికి వారికి సందు దొరకదు. మాకు ఏటా పదిహేను రోజుల తేడా గడప దగ్గరే కనిపిస్తుంది.

ఇది జ్యోతిషమా?

కాదు. మేం ముహూర్తాలు పెట్టం, జాతకాలు చూడం.

## అర్థం చేసుకునే దశలో వచ్చేవి

ఆ ఐదు అంగాలూ వివరంగా చెప్పండి.

నడక అంటే కాలం ఎంత త్వరగా పోతున్నట్టుంది అన్నది. ఎదురుచూపులో ఈడ్చుకుంటూ పోతుంది, ఇష్టమైన పనిలో పరుగెడుతుంది. ముఖం అంటే మనసు ఎటు తిరిగి ఉందన్నది. పశ్చాత్తాపం వెనక్కి, ఆశ ముందుకి, ఆశ్చర్యం ఉన్నచోటికి. వెడల్పు అంటే ‘ఇప్పుడు’ అనేదానిలో ఎంత ఇముడుతోంది అన్నది. పసిపిల్లను ఎత్తుకున్న నాయనమ్మ ‘ఇప్పుడు’లో నలభై ఏళ్ల కిందటి మరో పసిపిల్ల కూడా ఉంటుంది, అందుకే అది వెడల్పు. పొత్తు అంటే మన కాలం పక్కవారి కాలంతో కలిసి నడుస్తోందా, విడిపోయిందా అన్నది. జాడ అంటే గడిచాక జ్ఞాపకంలో ఎంత చోటు ఆక్రమించింది అన్నది.

ఒక్కో భావం ఈ ఐదింటి ఒక్కో అమరిక. సిగ్గునే తీసుకోండి: నడక మందం, ముఖం వెనక్కి, వెడల్పు సూదిమొన, పొత్తు తెగిపోయింది, జాడ లోతు. అందుకే ఎనిమిదో తరగతిలో బ్లాక్‌బోర్డు దగ్గర జరిగిన చిన్న అవమానం అరవయ్యో ఏట కూడా చెక్కుచెదరకుండా ఉంటుంది.

భయంలో కాలం ఆగిపోతుందని కొందరు, పరుగెడుతుందని కొందరు అంటారు. ఏది నిజం?

మా ప్రాంతంలో ఈ ప్రశ్నకు తుపాను తోడు లేకుండా జవాబు చెప్పలేను. 2013 అక్టోబరు 12 రాత్రి ఫైలిన్ గోపాలపూర్ దగ్గర తీరం దాటింది. ముందు రోజుల్లో ఉన్నది బెదురు: ముఖం పూర్తిగా ముందుకి, ప్రతి వార్తకూ గడియారం చూడటం, నడక నత్తలా. గాలి తలుపులు బాదడం మొదలయ్యాక బెదురు పోయి భయం వచ్చింది, ముఖం ముందుకీ వెనక్కీ కాక తలుపు గడియ మీదికి తిరిగింది. ఆ రాత్రిని అనుభవించినవారిని అడగండి, ‘ఎంతకీ తెల్లవారలేదు’ అంటారు. గాలి ఎన్నింటికి మొదలైంది, ఎన్నింటికి తగ్గింది అని అడగండి, తడుముకుంటారు.

2007లో అమెరికాలో మెదడు శాస్త్రవేత్త డేవిడ్ ఈగిల్‌మన్ బృందం దీన్ని పరీక్షించింది. మనుషులను 31 మీటర్ల ఎత్తు నుంచి వలలోకి వదిలారు. ఎదుటివారు పడటానికి పట్టిన సమయం కంటే తాము పడటానికి పట్టిన సమయం మూడో వంతుకు పైగా ఎక్కువని పడ్డవారు అంచనా వేశారు. కానీ వేగంగా మారే అంకెలను పడుతున్నప్పుడు మామూలు కంటే బాగా చదవగలిగారా అంటే, లేదు. కాలం అప్పుడు నెమ్మదించలేదు, తరువాత జ్ఞాపకంలో పొడుగైంది. మా మాటల్లో చెప్పాలంటే బెదురు నడకను మారుస్తుంది, భయం జాడను మారుస్తుంది. ఇద్దరు చెప్పేదీ నిజమే, చెబుతున్నది రెండు వేర్వేరు అంగాల గురించి.

సంతోషం ఇట్టే అయిపోతుంది, కష్టం మాత్రం ఏళ్లూపూళ్లూ ఉంటుంది. ఎందుకీ అన్యాయం?

సగమే నిజం. సంతోషం నడుస్తున్నప్పుడు పొట్టి, వెనక్కి తిరిగి చూస్తే పొడుగు. విసుగు దీనికి సరిగ్గా తలకిందులు. ఆఫీసు వరుసలో నిలబడ్డ మూడు గంటలు అప్పుడు ప్రాణాలు తోడేస్తాయి, నెల తిరిగేసరికి ఒక్క నిమిషం కూడా మిగలదు. బరంపురంలో రెండేళ్లకోసారి ఠాకురాణి యాత్ర జరుగుతుంది. అమ్మవారు పుట్టింటికి వచ్చి ఉండే ఆ రోజులు రెప్పపాటులో గడిచిపోయాయని అందరూ వాపోతారు. ఆ తరువాత రెండేళ్లపాటు మాట్లాడుకునేది ఏ సోమవారం గురించీ కాదు, ఆ రోజుల గురించే. వేషాలు, జనం, ఎండలో నీళ్లు పోసినవారు, తప్పిపోయి దొరికిన పిల్లాడు, అన్నీ గుర్తుంటాయి. కాలం పక్షపాతం చూపడం లేదు, ఇవ్వాల్సింది ఆలస్యంగా ఇస్తోంది.

కోపం?

వెడల్పు బాగా తగ్గిపోయిన స్థితి. పదేళ్ల స్నేహం ఆ ‘ఇప్పుడు’లో ఇమడదు, చివర అన్న మాట ఒక్కటే ఇముడుతుంది. మర్నాటికి వెడల్పు తిరిగి రాగానే ఎలా అనగలిగానా అని మనకే వింతగా ఉంటుంది.

నేను పుట్టకముందు జరిగినదానికి నాకెందుకు బాధ? మా తాతయ్య 1936 అనగానే ఇంట్లో అందరి ముఖాలూ మారిపోతాయి.

1936 ఏప్రిల్ 1న ఒడిశా ప్రత్యేక రాష్ట్రమైంది. మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న గంజాం ప్రాంతం చాలావరకు అందులోకి వెళ్లింది. పర్లాకిమిడి జమీందారీ రెండు ముక్కలై పట్టణం అటు, చాలా ఊళ్లు ఇటు ఉండిపోయాయి. కొన్ని తెలుగు కుటుంబాల్లో ఆ గీత ఇప్పటికీ భోజనాల బల్ల మీదుగా పోతుంది. పొరుగున ఉన్న ఒడియా కుటుంబాల్లో అదే తేదీ ఉత్కళ దివస్, పండుగ. ఒకే రోజుకు రెండు ముఖాలు.

మా ఆలోచన ప్రకారం ముఖం వారసత్వంగా వస్తుంది. ఆస్తి పంచినట్టు ఎవరూ పంచరు. తాతయ్య ఆ మాట ఎత్తిన ప్రతిసారీ ఇల్లంతా ఒకేసారి వెనక్కి తిరుగుతుంది, పిల్లలు ఆ తిరగడాన్ని ముందు నేర్చుకుంటారు, కారణాన్ని తరువాత తెలుసుకుంటారు. మీకున్నది ఆ సంఘటన బాధ కాదు, తాతయ్యతో పొత్తు. అది తప్పని నేననను. ఆయన ముందు ‘అదంతా పాత కథ’ అని కొట్టిపారేస్తే మాత్రం తెగేది చరిత్ర కాదు, ఆ పొత్తే. ఆయనను చిన్నప్పటి పర్లాకిమిడి గురించి, బడి గురించి, మహేంద్రతనయ ఏటి గురించి చెప్పమనండి. ముఖం వెనక్కే ఉంటుంది గానీ వెడల్పు పెరుగుతుంది.

మావారు సూరత్‌లో మిల్లు పని చేస్తారు. రోజూ ఫోన్లో మాట్లాడుకుంటాం, అయినా కలిసి ఉన్నట్టే అనిపించదు. దీనికి మీ దగ్గర మాట ఉందా?

ఉందమ్మా. గంజాం జిల్లాలో చాలా ఇళ్ల సంగతి ఇదే. ఫోను మాటలను కలుపుతుంది, నడకలను కలపదు. రాత్రి పాళీ దిగిన ఆయనకు అది రోజు ముగిసిన వేళ, మీకు పిల్లల బడి వేళ. ఆయన సెలవు దినాలు లెక్కపెడుతూ ముందుకు తిరిగి ఉంటారు, మీరు ఇవాళ్టి పాలు, కరెంటు బిల్లు మీద ఉంటారు. మాలో కొందరు చేసి చూసినది ఒకటుంది: రోజూ అరగంట కబుర్లకు బదులు, వారానికోసారి ఇద్దరూ ఒకే సమయంలో ఒకే పని చేయడం. ఇద్దరూ ఒకేసారి వంట మొదలుపెట్టి, ఫోను పక్కన పెట్టుకుని, పెద్దగా మాట్లాడకుండానే వండుకుని తినడం. కొందరికి పొత్తు కుదిరింది. కుదరనివారూ ఉన్నారు.

## రాయడం మొదలుపెట్టాక

నోటుపుస్తకంలో ఏమి రాయాలి?

రోజుకు ఒక వరుస చాలు. రోజులో ఏదైనా ఒక సందర్భాన్ని ఎంచుకోండి. గడియారం చూడకముందే ఎంతసేపు గడిచి ఉంటుందో అంచనా రాయండి, ఆ తరువాత చూసి అసలు సంఖ్య రాయండి. ఆ తేడాయే నడక. ముఖం ఎటు, వెడల్పు ఎంత, పక్కవారితో పొత్తు ఉందా, ఈ మూడూ ఒక్కో మాటలో రాయండి. జాడ గడి ఖాళీగా వదిలేయండి, నెల తరువాత నింపాలి. భావం పేరు చివర్లో రాయండి, ముందు రాయకండి. ముందే ‘కోపం’ అని రాసేస్తే మిగతా గడులన్నీ దానికి తగ్గట్టు నింపేస్తాం.

ఏ భావమో తేలకపోతే?

పేరు వదిలేయండి. నాలుగు గడులు నిండితే చాలు.

జ్వరంలో ఉన్నప్పుడు రాసిన లెక్కలు పనికొస్తాయా?

విడిగా ఒక గుర్తు పెట్టండి. శరీరం వేడెక్కితే లోపలి లెక్క వేగం పుంజుకుంటుందని 1930లలో అమెరికన్ శాస్త్రవేత్త హడ్సన్ హోగ్లండ్ గమనించాడు. జ్వరంతో ఉన్న తన భార్యను అరవై సెకన్లు లెక్కపెట్టమంటే గడియారంలో నిమిషం కాకముందే ముగించింది. ఆయన కాసేపు బయటికి వెళ్లొస్తే చాలాసేపు వెళ్లారని నిష్ఠూరమాడింది కూడా. జ్వరం వచ్చినవారు ‘నన్ను పట్టించుకోవడం లేదు’ అంటే వెంటనే వాదనకు దిగకండి.

మా అబ్బాయి రోజంతా ఫోన్లో చిన్న చిన్న వీడియోలు చూస్తాడు. వాడికి కాలమే తెలియడం లేదు. మీ లెక్కలో వాడు ఆనందంగా ఉన్నట్టేనా?

నడక ఒక్కటే చూస్తే అలాగే కనిపిస్తుంది, పరుగే కాబట్టి. జాడ చూడండి. నిన్న చూసినవాటిలో మూడు చెప్పమనండి. చెప్పలేకపోతే అక్కడ ఉన్నది సంతోషపు నడక, విసుగు జాడ. ఆ జంట మా పెద్దవారి కాలంలో అరుదు. వాడిని తిట్టి లాభం లేదు, వాడి పక్కన కూర్చుని మీరూ కాసేపు చూడండి. అప్పుడు కనీసం పొత్తు ఉంటుంది.

ఇంట్లో పెద్దదిక్కు పోయినవారికి దీన్ని చెప్పవచ్చా?

చెప్పకండి. ఆ ఇంట్లో కాలం ఆగి ఉంది, వీధిలో నడుస్తోంది. దుఃఖంలో నరకమంటే ఆ దూరమే. మన ఆచారం ఆ పని ఎప్పుడో చేసి పెట్టింది: పదో రోజు, పన్నెండో రోజు, నెల నెలా మాసికం, ఏడాదికి సంవత్సరీకం. ఆగినదాన్ని ఒక్కసారిగా లాగకుండా అంచెలంచెలుగా నడిపించే ఏర్పాటు అది. నోటుపుస్తకం పట్టుకుని వెళ్లకండి. క్యారేజీ పట్టుకుని వెళ్లండి.

చాలా వారాలుగా ప్రతి వరుసలోనూ ‘నడక లేదు, ముఖం లేదు’ అనే రాస్తున్నాను. ఏ అంగం సరిచేసుకోవాలి?

ఏదీ వద్దు. పుస్తకం మూసేసి డాక్టరును కలవండి. నిద్ర పట్టకపోవడం, తిండి సయించకపోవడం, ఏ పని మీదా మనసు నిలవకపోవడం రెండు వారాలు దాటి ఉంటే అది వైద్యం చేయించుకోవాల్సిన సంగతి. ప్రభుత్వ టెలీ మానస్ సేవ 14416 నంబరులో రాత్రింబగళ్లు ఉచితంగా దొరుకుతుంది, తెలుగులోనూ ఒడియాలోనూ మాట్లాడవచ్చు. తత్వానికి మందు పని అప్పగించేవారంటే నాకు ఒళ్లుమంట.

## వాదనకు దిగేవారు అడిగేవి

భావాలన్నీ మెదడులో రసాయనాలే కదా, కాలంతో పనేమిటి?

రసాయనాలే అయి ఉండవచ్చు. ఆ రసాయనం మీకు ఎలా అనుభవమైంది అన్నది నా ప్రశ్న. గుండె దడ భయంలోనూ ఉంటుంది, పరీక్ష ఫలితం బాగా వచ్చినప్పుడూ ఉంటుంది. దడ ఒకేలా ఉన్నా ఒకటి ముందుకి తిరిగి ఉంది, రెండోది ఉన్నచోట ఉంది. ఆ తేడాను చెప్పడానికి నాకు కాలం భాష కావాల్సి వస్తోంది. మీకు ఇంకో భాష దొరికితే దానితోనే చెప్పండి.

గురువుగారు అని పిలవాలా? చందా ఎంత?

నేను హైస్కూల్లో తెలుగు చెప్పి పదవీ విరమణ చేసినవాణ్ని. మాస్టారు అంటే చాలు. చందా లేదు.

ఇది తప్పని ఎలా తేలుతుంది? ఏ ఉదాహరణ చెప్పినా ఐదింటిలో ఏదో ఒకదానిలో ఇరికించేస్తున్నారు.

ఇది మంచి ప్రశ్న. పర్లాకిమిడి కాలేజీ పిల్లలు తప్ప ఎవరూ అడగలేదు. ఐదు అంగాల్లో ఏ ఒక్కటీ మారకుండా ఒక భావం రాగలిగితే మా మాట తప్పు. వారు తెచ్చిన ఉదాహరణ జుగుప్స. కుళ్లిన చేప ముక్కుకు తగిలింది, మొహం తిప్పుకున్నాం. నడక మారలేదు, వెనక్కీ లేదు, ముందుకీ లేదు. ఇద్దరూ ఒకేసారి ముక్కు మూసుకుంటారు కాబట్టి పొత్తు తెగలేదు. రేపటికి గుర్తుండదు, జాడా లేదు. మరి అది భావం కాదా? ఎనిమిది స్థాయీభావాల్లో దానికీ చోటిచ్చారు కదా?

మాలో కొందరు అక్కడ వెడల్పు మారుతుందంటారు: ఆ క్షణంలో ‘ఇప్పుడు’ సున్నా అవుతుందని, తినబోతున్న అన్నం కూడా అందులో ఇమడదని. నాకది సాగదీసినట్టుంది. చేప విషయంలో పిల్లలదే పైచేయి అనుకుంటున్నాను. అయితే ఒక మనిషి మీద కలిగే అసహ్యం వేరు. అది ముఖం వెనక్కి తిప్పుతుంది, పొత్తు తెంపుతుంది. కాబట్టి ఒకే పేరుతో రెండు ఉన్నాయా, లేక మా ఐదు అంగాలు చాలవా అన్నది ఇంకా తెగలేదు. ఆరో అంగం కావాలనేవారు అది ఏమిటో చెప్పి, కుళ్లిన చేపతో పాటు ఇంకో మూడు ఉదాహరణలు తీసుకురండి. ఆదివారం సాయంత్రాలు నేను ఇంట్లోనే ఉంటాను.